పొర తెలిసిన చేతులు

(నంద్యాలలో గ్రంథాలయ వారోత్సవాల సభలో ఒక సాయంత్రం చేసిన ప్రసంగం. రికార్డింగ్ విని రాసిన పాఠం.)

అందరికీ నమస్కారం.

ముందు ఒక చిన్న మాట అడుగుతాను. మీలో ఎవరి ఇంట్లో వంటగట్టు నల్లబండతో కట్టింది? చేతులెత్తండి. మంచిది, సగం మందికి పైనే ఉన్నారు. గ్రానైటు వేయించుకున్నవాళ్ళు అమ్మమ్మగారి వంటిల్లు గుర్తు తెచ్చుకోండి.

ఆ బండ మీద రాత్రి నిమ్మచెక్క బోర్లించి మరిచిపోయారనుకోండి. పొద్దున్నే చూస్తే అక్కడ గుండ్రంగా ఒక తెల్లటి మచ్చ ఉంటుంది. సబ్బు పెట్టి తోమినా, బూడిద వేసి రుద్దినా పోదు. చింతపండు పులుసు ఒలికినా అంతే. మా అమ్మ దాన్ని చూసి, "రాయిని తినేసింది రా" అనేది. అమ్మ బడికి పోలేదు గానీ ఆ మాట అక్షరాలా నిజం. పులుపు తగిలితే కరిగిపోయే రాయి అది. రంగు నలుపైనా జాతి సున్నపురాయి. కడప బండ అన్నా, బేతంచెర్ల నాపరాయి అన్నా, తాండూరు బండ అన్నా, షాబాదు బండ అన్నా అన్నీ సున్నపురాళ్ళే. మనం చిన్నప్పుడు రాసుకున్న మార్కాపురం పలక మాత్రం వేరు. అది బురద గట్టిపడి అయిన రాయి, దానికి నిమ్మకాయతో భయం లేదు.

ఇప్పుడు ఆ నిమ్మచెక్క స్థానంలో వానను పెట్టి చూడండి. వాన నీరు కిందికి దిగేటప్పుడు గాలిలోని బొగ్గుపులుసు వాయువును, అంటే కార్బన్ డయాక్సైడును, కాస్త కలుపుకుంటుంది. మట్టిలో వేళ్ళ మధ్య ఇంకేటప్పుడు ఇంకా ఎక్కువ కలుపుకుంటుంది. అలా నీళ్ళకు నాలుకకు కూడా తెలియనంత కొంచెం పులుపు వస్తుంది. ఆ నీరు రాతి పగుల్లోకి దిగి, లక్షల ఏళ్ళు కొంచెం కొంచెంగా తింటూ పోతే ఏమవుతుంది? బెలుం అవుతుంది. కొలిమిగుండ్ల దగ్గర మన నేల కింద ఉన్న 3,229 మీటర్ల ఆ గుహ మీ వంటగట్టు మీది మచ్చకు పెద్దన్న.

నేను ఒక డిగ్రీ కాలేజీలో భూగోళశాస్త్రం చెప్పి రిటైరయ్యాను. మా నాయన బేతంచెర్ల వైపు నాపరాతి గనుల్లో ముప్పై ఏళ్ళు పనిచేశాడు. మా అమ్మ అదే గనుల్లో ముక్కరాయి మోసింది. రాయి గురించి నాకు రెండు బళ్ళు ఉన్నాయన్నమాట. వాటిలో పుస్తకాలున్న బడి గురించి మీకు ఎవరైనా చెప్తారు. ఈ సాయంత్రం నేను ఎక్కువసేపు రెండో బడి గురించే చెప్పాలనుకుంటున్నాను.

గని అంటే చాలామంది కొండను తవ్వడం అనుకుంటారు. మా దగ్గర గనులు పొలం మధ్యలో ఉంటాయి. పైమట్టి తీసేస్తే కింద రాయి పరుపు మీద పరుపు వేసినట్టు, పుస్తకంలో పేజీల్లా పొరలు పొరలుగా ఉంటుంది. ఎందుకలా అంటే, అది ఒకప్పుడు సముద్రం అడుగు. నీళ్ళలో సున్నం పేరుకుని, నెమ్మదిగా ఒకదాని మీద ఒకటి పొర పడుతూ వచ్చింది. అప్పటికి భూమ్మీద చిప్పలున్న జీవి ఒక్కటి కూడా పుట్టలేదు. అందుకే మన నాపరాయిలో శంఖమో గవ్వో కనపడదు. 1872లో విలియం కింగ్ అనే భూవిజ్ఞాని ఈ ప్రాంతపు రాళ్ళను వర్ణిస్తూ పెద్ద గ్రంథం రాశాడు. ఈ రోజు భూవిజ్ఞానులు ఈ పొరలను మన ఊళ్ళ పేర్లతోనే పిలుస్తారు. నార్జి సున్నపురాయి, పాణ్యం క్వార్ట్‌జైటు, కోయిలకుంట్ల సున్నపురాయి, నంద్యాల షేలు. క్వార్ట్‌జైటు అంటే ఇసుక గట్టిపడి అయిన రాయి, షేలు అంటే బురద పొరలుగా గట్టిపడి అయిన రాయి. మీ ఊరి పేరు మీద ఒక రాతి పొర ఉందని మీలో ఎంతమందికి తెలుసు? పిల్లలకు చెప్పండి, వాళ్ళకు చాలా సంతోషమేస్తుంది.

ఎర్రమల కొండలు పైన బల్లలా చదునుగా ఎందుకుంటాయో కూడా ఇక్కడే తెలుస్తుంది. పైన గట్టి క్వార్ట్‌జైటు టోపీలా కూర్చుంది. కింద సున్నపురాయి, మెత్తటి షేలు ఉన్నాయి. కింది రాయి అరిగినా పైది నిలబడుతుంది. యాగంటికి పోయినవాళ్ళు తల ఎత్తి ఆ గోడల్లాంటి కొండ అంచులను చూసే ఉంటారు.

సరే, నాయన దగ్గరికి వస్తాను.

నాకు పన్నెండేళ్ళప్పుడు వేసవి సెలవుల్లో ఆయనకు సద్ది తీసుకుని పోయేవాణ్ణి. ఒకరోజు ఆయన పని మొదలుపెట్టకుండా బండ దగ్గర గొంతుక్కూర్చుని ఉన్నాడు. చేతిలో ముంత. అందులోని నీళ్ళు బండ అంచు పొడవునా చల్లి, బీడీ వెలిగించుకుని ఊరికే చూస్తున్నాడు. నేను పక్కన కూర్చున్నాను. ఎర్రటి ఎండ. రాయి నల్లబడి, మళ్ళీ బూడిద రంగుకు వచ్చి, చూస్తుండగానే ఆరిపోయింది. కానీ ఒక్క చోట, దారమంత సన్నగా, అంచు పొడవునా ఒక తడి గీత మిగిలింది. నాయన ఆ గీత మీద వేలు పెట్టి, "ఇదిగో రా అబ్బీ, ఇక్కడ నోరు తెరుస్తాది" అన్నాడు.

ఆ గీత వెంబడి జానెడుకొకటి చొప్పున ఉలులు పెట్టారు. నలుగురు వరుసగా నిలబడ్డారు. ఒక్కో ఉలికి ఒక్కో చిన్న దెబ్బ, అంతే. ఈ చివర నుంచి ఆ చివరకు పోయి మళ్ళీ మొదటికి వచ్చేవారు. ఎవరూ బలంగా కొట్టలేదు. ఎవరైనా ఆత్రపడి గట్టిగా కొడితే రాయి అడ్డంగా పగులుతుంది, ఆ రోజు కూలి పోతుంది. కొడుతుంటే మొదట గణగణమని మోగేది. పది పన్నెండు వరుసలయ్యాక మోత తగ్గి, గొంతు బొంగురుపోయినట్టు అయ్యింది. నాయన చెయ్యి ఎత్తాడు. అందరూ ఆగారు. గడ్డపారలు పెట్టి ఎత్తితే రెండంగుళాల మందంతో, మంచమంత పెద్ద బండ చాపలా లేచి వచ్చింది. దాని అడుగు భాగాన్ని నేను చేత్తో తడిమాను. చల్లగా ఉంది. అది సముద్రం అడుగున పొర పడిన తర్వాత ఎండ చూడడం అదే మొదటిసారి. అదంతా నాకు అప్పుడు తెలీదు. చల్లగా ఉందని మాత్రమే తెలుసు.

చాలా ఏళ్ళ తర్వాత క్లాసులో గుహలు ఎలా పుడతాయో పాఠం చెప్తూ బోర్డు మీద బొమ్మ గీస్తున్నాను. నీరు పొరల మధ్య సందుల్లోకి, నిలువు పగుళ్ళలోకి దిగి దారి చేసుకుంటుంది. గీస్తుండగా చెయ్యి ఆగిపోయింది. నాయన ముంత గుర్తొచ్చింది. నీరు ఎక్కడ దూరుతుందో చూసి, ఆయన అక్కడ ఉలి పెట్టాడు. కొండ లోపల లక్షల ఏళ్ళుగా నీరు చేస్తున్న పనినే ఆయన పొద్దుటి నుంచి మాపటి దాకా చేశాడు. నీటికీ ఆయనకూ రాయి ఒకే చోట లొంగింది.

ఆ చేతుల సంగతి కూడా చెప్పాలి. నాయన ఎడమ చేతికి రెండు వేళ్ళు ఉండేవి కావు. బండ జారి నలిగిపోయాయి. అప్పుడు ఆ గని యజమాని ఆస్పత్రికి పోవడానికి బస్సు చార్జీలిచ్చాడు. వేళ్ళు మానేదాకా కూలి ఇవ్వలేదు. చదరపు అడుగుల లెక్కన కూలి కాబట్టి, తియ్యని బండకు డబ్బెందుకు అన్నది ఆయన వాదన. ఆ నెలలన్నీ అమ్మ మోసిన ముక్కరాయితోనే మేం తిన్నాం. ఇది ఒక్క మా ఇంటి కథే కాదు. ఆ పక్క ఏ పల్లెకైనా పోయి, అరుగుల మీద కూర్చున్న పెద్దవాళ్ళ చేతులు చూడండి.

రాయి తీసేవాళ్ళు రాతిలోనే బతికారు. మా ఇంటి గోడలు నాపరాయి. పైన వేప దూలాలు, వాటి మీద దంతెలు, దంతెల మీద నాపబండలు, ఆ పైన చౌడు మట్టి. ఏటా వానలకు ముందు మళ్ళీ చౌడు పోసి తొక్కాలి. మే నెలలో బయట కాళ్ళు కాలుతున్నా లోపల మిద్దె కింద పడుకుంటే చల్లగా ఉండేది. పెరటి కంచె నిలువుగా పాతిన బండలే. ఎనుముల కుడితి తొట్టి బండలదే. బట్టలుతికేది బండ మీదే. మా అవ్వను పూడ్చిన చోట గుర్తుగా పెట్టింది కూడా ఒక నాపబండే, నాయన తీసిందే.

సున్నం సంగతి చెప్పకుండా ముందుకు పోలేను. సున్నపురాయిని బట్టీలో తొమ్మిది వందల డిగ్రీల దాకా కాలిస్తే అందులోని వాయువు వెళ్ళిపోతుంది. వంద కిలోల స్వచ్ఛమైన రాయి పెడితే మిగిలేది 56 కిలోల కాల్చిన సున్నం. దాని మీద నీళ్ళు పోస్తే బుసబుసమని కాగుతుంది. ఉగాదికి ముందు ఇళ్ళకు సున్నం కొట్టేటప్పుడు కుండలో ఆ కుతకుత మీరు వినే ఉంటారు. తడి సున్నాన్ని గోడకు పూశాక అది గాలిలోంచి పోయిన వాయువును నెమ్మదిగా మళ్ళీ పీల్చుకుని తిరిగి రాయి అవుతుంది. మీరు గోడకు రాస్తున్నది రంగు అనుకుంటారు, నిజానికి ఇంటికి పలచని సున్నపురాతి తొడుగు వేస్తున్నారు. పల్నాడులో పిడుగురాళ్ళ ఈ బట్టీలతోనే పేరు తెచ్చుకుంది. తాంబూలంలో వేసుకునేది కూడా ఇదే కదా. ఒకే రాయి మన నోట్లో, గోడ మీద, కాళ్ళ కింద ఉంది.

సిమెంటు వచ్చాక పరిస్థితి మారింది. సిమెంటుకూ సున్నపురాయే కావాలి. దాన్ని మట్టితో కలిపి 1,450 డిగ్రీల దగ్గర కాలుస్తారు. ఎర్రగుంట్ల నుంచి కొలిమిగుండ్ల దాకా ఎన్ని ఫ్యాక్టరీలున్నాయో మీకు తెలుసు. సిమెంటు వద్దని నేను అనను, ఈ హాలు దానితోనే కట్టారు. అయితే ఒక తేడా గమనించండి. నాపరాయి తీసేవాడికి పొర తెలియాలి. పొర చెడితే అతని సరుకు చెడుతుంది. సిమెంటు గనిలో మందు పెట్టి పేల్చి, మరలో పిండి చేస్తారు. అక్కడ పొర ఎవరికీ అక్కర్లేదు. కింద గుహ ఉందా, బుగ్గ దారి ఉందా అని ముంతతో నీళ్ళు చల్లి చూసేవాడు ఆ పనిలో ఉండడు. టైల్స్ వచ్చాక నాపరాయికి గిరాకీ పడిపోయింది. పాలిష్ ఫ్యాక్టరీలు చాలా మూతపడ్డాయి. మా ఊరి కుర్రాళ్ళు బెంగళూరుకో హైదరాబాదుకో పోయారు. పొర చదవడం వచ్చినవాళ్ళలో చాలామంది ఇప్పుడు డెబ్బై దాటినవాళ్ళు.

బుగ్గ అన్నాను కదా. మన సీమలో నేలలోంచి ఉబికే ఊటను బుగ్గ అంటాం. తాడిపత్రిలో బుగ్గ రామలింగేశ్వరుడు, హుసేనాపురం దగ్గర కాల్వబుగ్గ, బేతంచెర్ల పక్కన బుగ్గానిపల్లె. గుహను గవి అంటాం, బిలం అంటాం. బిలం నుంచే బెలుం. బేతంచెర్ల దగ్గర బిల్లసర్గం, అంటే బిల స్వర్గం. ఈ పేర్లు పెట్టినవాళ్ళకు ఏ భూవిజ్ఞాన శాఖా లేదు. ఎక్కడ నీరు నేలలోకి పోతుందో, ఎక్కడ పైకి తేలుతుందో వాళ్ళు ఊరి పేర్లలో రాసిపెట్టి పోయారు. యాగంటి పుష్కరిణిలో ఏ కాలంలోనైనా నీళ్ళు ఉంటాయి. కొండలోంచి వచ్చే ఆ ధారలో తల తడుపుకుంటే ఒళ్ళు జలదరిస్తుంది. అది శివుడి మహిమ అని నమ్మేవాళ్ళతో నాకు తగవు లేదు. ఆ ధార ఏ కొండ పగుల్లోంచి వస్తోందో ఆ కొండను కాపాడుకుందాం అని మాత్రం అడుగుతాను.

బిల్లసర్గం దగ్గర కాసేపు ఆగాలి. బెలుంకు బస్సులు వేసుకుని పోతాం గానీ, దీని పేరు కర్నూలువాళ్ళకే సరిగా తెలీదు. 1844లో న్యూబోల్డ్ అనే సైనికాధికారి ఈ గవుల్లో ఎముకలున్నాయని రాశాడు. నలభై ఏళ్ళకు, 1884లో, రాబర్ట్ బ్రూస్ ఫుట్ వచ్చాడు. మన దేశంలో పాతరాతి యుగపు పనిముట్లను మొట్టమొదట గుర్తించింది ఆయనే. ఆయన, ఆయన కొడుకు హెన్రీ ఈ గవుల నేలను తవ్వి, పాతకాలపు జంతువుల ఎముకలు కుప్పలుగా తీశారు. కొన్ని గవులకు కెథీడ్రల్ అనీ, పర్గేటరీ అనీ తమ మతంలోని పేర్లు పెట్టుకున్నారు. బెలుం గురించి మొదట రాసిపెట్టిందీ ఆ ఫుట్ దొరే, అదే 1884లో. తర్వాత 1970లలో ఎం.ఎల్.కె. మూర్తి గారు బేతంచెర్ల దగ్గరే ముచ్చట్ల చింతమాను గవిలో తవ్వకాలు చేశారు. ఆ పేరు చూడండి. చింతమాను ఉన్న గవి, ముచ్చట్ల ఊరి గవి. పరిశోధన పత్రాల్లో ప్రపంచమంతా ఇప్పుడు ఆ పేరుతోనే పిలుస్తారు.

ఇంకొకటి. యాగంటికి దగ్గర్లో జ్వాలాపురం. అక్కడ నేలలో మెత్తటి తెల్లటి బూడిద పొర ఉంది. ఊళ్ళోవాళ్ళు దాన్ని తవ్వి గిన్నెలు తోమే పొడికి అమ్మేవాళ్ళు. ఆ బూడిద మన నేలది కాదు. ఇండోనేషియాలో సుమత్రా దీవిలోని టోబా అగ్నిపర్వతం సుమారు 74 వేల ఏళ్ళ కింద పేలినప్పుడు గాలిలో వచ్చి ఇక్కడ రాలింది. రవి కొరిసెట్టర్, మైఖేల్ పెట్రాగ్లియా బృందం ఆ బూడిదకు కింద, పైన కూడా మనుషుల రాతి పనిముట్లు ఉన్నాయని 2007లో ప్రకటించింది. అంత పెద్ద ఉత్పాతం వచ్చినా ఈ జుర్రేరు లోయలో మనుషులు నిలదొక్కుకున్నారని వాళ్ళ వాదన. దీని మీద పండితుల్లో ఇంకా చర్చ నడుస్తూనే ఉంది. నాకు ముఖ్యమనిపించేది ఇంకొకటి. ఆ బూడిద పొరను మొదట తెరిచింది పార పట్టినవాళ్ళు. కూలికి తవ్వినవాళ్ళు తీసిన గుంటల గోడల్లోనే శాస్త్రవేత్తలు ఆ పొరలను చూడగలిగారు. తుగ్గలిలోనో జొన్నగిరిలోనో తొలకరికి ఎవరికైనా వజ్రం దొరికితే పేపర్లో ఫొటో వస్తుంది. జ్వాలాపురంలో పార పట్టినవాళ్ళ ఫొటో ఎవరూ వేయలేదు.

బెలుం సంగతికి వస్తే, 1982, 83లో హెర్బర్ట్ డేనియల్ గెబాయర్ అనే జర్మన్ ఆయన బృందంతో వచ్చి గుహను కొలిచి మ్యాపు గీశాడు. 1985లో ప్రభుత్వం దాన్ని రక్షిత స్థలం చేసింది. 2002లో టూరిజం వాళ్ళు జనానికి తెరిచారు. ఇప్పుడు ఒకటిన్నర కిలోమీటరు దాకా నడవవచ్చు. మెట్లు దిగుతుంటే మొదట చల్లగా అనిపించి, లోపలికి పోయే కొద్దీ చెమటలు కారతాయి. కోటిలింగాలు, సప్తస్వరాల గుహ అన్నీ చూస్తారు. మీరు పోయినప్పుడు ఒక్క పని చేయండి. లైట్ల రంగులు వదిలేసి గోడను చూడండి. అడ్డంగా సన్నటి గీతలు కనిపిస్తాయి. మా నాయన ఉలి పెట్టే గీతలు అవే. ఆఖరున పాతాళగంగ దగ్గర, నేలకు 46 మీటర్ల లోతున, నీళ్ళు రాతిలోకి దూరి కనపడకుండా పోతాయి. అక్కడ కాసేపు మాట్లాడకుండా నిలబడి ఆ చప్పుడు వినండి.

అదే బెలుం 1988 దాకా చుట్టుపక్కల చెత్త పారేసే గుంత. ఆ ఊళ్ళవాళ్ళను తప్పుపట్టడానికి చెప్పడం లేదు. గుంత కనపడితే చెత్త వేయడం ఎక్కడైనా ఉన్నదే. దాన్ని బాగుచేయించడానికి పట్టుబట్టినవాళ్ళు కూడా ఆ పక్క ఊళ్ళవాళ్ళే. ఆ సంగతి నాకు చాలా ఇష్టం.

నాకు టెన్షన్ పెట్టేది ఇప్పుడు జరుగుతున్నది. పాలిష్ మిషన్ల కింద నీళ్ళూ రాతిపొడీ కలిసి బురద వస్తుంది. అది ఎండితే తెల్లటి దుమ్ము. ఆ బురదను ఎక్కడ పోస్తున్నారు? రోడ్డు పక్కన, వంకల్లో, పాడుబడిన గనుల్లో. మామూలు నేలలో నీరు ఇసుకలోంచి, మట్టిలోంచి వడపోసుకుంటూ దిగుతుంది. సున్నపురాతి నేలలో అలా కాదు. నీరు పైపులో పోయినట్టు పోతుంది. ఈ గుంతలో పోసింది వడపోత లేకుండా ఎక్కడో ఒక బుగ్గలో, ఎవరి బావిలోనో తేలుతుంది. ఏ బావిలో తేలుతుందో మనకు తెలీదు. అదీ నా భయం.

మా చిన్నాన్న పొలంలో బోరు వేసినప్పుడు జరిగింది చెప్తాను. నూట ఇరవై అడుగుల దగ్గర రాడ్డు ఉన్నట్టుండి జర్రున జారింది. బోరు బండి వాళ్ళు కంగారుపడ్డారు. ఏడెనిమిది అడుగులు అడ్డం లేకుండా పోయింది. పైపులోంచి చల్లటి గాలి బుస్సుమని కొట్టింది. నీళ్ళు మాత్రం పడలేదు. అరవై గజాల అవతల పక్కాయన బోరులో రెండంగుళాల నీళ్ళు పడ్డాయి. చిన్నాన్న తల పట్టుకుని, "పక్కోనికి గంగమ్మ, నాకు గాలి" అన్నాడు. ఆయన పొలం కింద ఎవరూ చూడని ఒక గుహ ఉంది. ఇలాంటివి మన పల్లెల్లో ఎన్ని ఉన్నాయో లెక్క లేదు. ఆ బోరు గుంతను తర్వాత ఏం చేశారంటే, పాత టైర్లు, ప్లాస్టిక్ సంచులు వేసి పూడ్చారు.

2015 చివర పెద్ద వానలు పడ్డప్పుడు కడప పక్కన చింతకొమ్మదిన్నె మండలంలో పొలాల్లో, ఇళ్ళ దగ్గర నేల కుంగి బావుల్లాంటి గుంతలు పడ్డాయి. జనం ఇళ్ళలో పడుకోవడానికి భయపడ్డారు. కరువులో బోర్లతో నీళ్ళు తోడి తోడి కింద ఖాళీ అయిన నేల మీద ఒక్కసారిగా అంత వాన పడితే, పైమట్టి లోపలి సందుల్లోకి జారుతుంది. భూమి మింగేస్తోందని టీవీల్లో వేశారు. మింగడానికి దారులు కింద ఎప్పటి నుంచో ఉన్నాయి.

కాబట్టి నేను అడుగుతున్నవి చాలా చిన్నవి. గనుల్లో, ఫ్యాక్టరీల్లో రాయి కోసే ప్రతిచోటా నీళ్ళు పోస్తూ కోయాలి, కార్మికులకు మంచి మాస్కులు ఇవ్వాలి. తువ్వాలు కట్టుకుంటే ఆగే దుమ్ము కాదది. రాతిపొడిని బుగ్గలకు, వంకలకు దూరంగా ఒకచోట పోయించాలి. దాంతో ఇటుకలు చేయవచ్చు, చేస్తున్నవాళ్ళూ ఉన్నారు. ఇక మూడోది నా సొంత పిచ్చి. గనిలో గానీ బోరులో గానీ ఖాళీ తగిలితే, అది ఎక్కడ, ఎంత లోతున అని రాసిపెట్టే ఒక పుస్తకం ప్రతి మండలంలో ఉండాలి. ఆ పుస్తకం రాయడానికి పీహెచ్‌డీలు అక్కర్లేదు. పొర తెలిసిన పెద్దవాళ్ళు ఇంకా ఉన్నారు. వాళ్ళను అడిగితే ఏ గని ఏ మూలలో గాలి వచ్చిందో, ఎక్కడ బండ కింద నీళ్ళ చప్పుడు వినపడిందో ఈ రోజుకీ చెప్తారు. నేను మొదలుపెట్టాను. నా నోటుబుక్కులో ఇప్పటికి నలభై ఒక్క చోట్లు ఎక్కాయి. అందులో పదకొండు మా నాయన చెప్పినవి, ఆయన పోయే ముందు సంవత్సరం.

నేను చెప్పాలనుకున్నది ఇంతే. ఏమైనా ప్రశ్నలుంటే అడగండి.

(సభలోంచి ఒక పెద్దాయన: "సార్, గనులు ఆపేయమంటారా? మా పిల్లలు దాని మీదే బతుకుతున్నారు.")

లేదన్నా, ఆపమనను. నేను ఆ కూలితోనే చదువుకున్నాను. తీసే రాయి తీయండి. బుగ్గ పైన ఉన్న కొండను, గవి ఉన్న చోటును వదిలిపెట్టండి. ఏ చోటు వదలాలో మీకంటే ఎవరికి తెలుసు? మీరు చెప్తే అధికారులు వినే ఏర్పాటు ఉండాలి. ఈ రోజు అది లేదు.

(ఒక అమ్మాయి: "సార్, మాది అవుకు దగ్గర. పోయిన నెల మా పొలంలో బోరు వేస్తే మీరు చెప్పినట్టే రాడ్డు జారిపోయింది. నీళ్ళు రాలేదు. ఇప్పుడు అది అలాగే ఉంది. ఏం చేయమంటారు?")

చాలా మంచి పని చేశావమ్మా, అడిగి. ముందు దాని మీద గట్టి మూత వేయించు. ఇనుప మూతైనా, మీ ఊళ్ళో దొరికే మందపాటి నాపబండైనా సరే. పిల్లలు ఆడుకునే చోట తెరిచిన బోరు గుంత ఒక్క గంట కూడా ఉండకూడదు, ఇంటికి పోగానే మీ నాయనకు చెప్పు. చెత్తా, మట్టీ వేసి పూడ్చనీయకండి. రెవెన్యూ వాళ్ళకు ఒక కాగితం రాసివ్వండి. ఆ మూత వేసే ముందు, పెద్దవాళ్ళు పక్కన ఉండగా, ఒక తాడుకు చిన్న రాయి కట్టి దింపండి. రాయి ఎక్కడ ఆగిందో తాడు మీద ముడి వేయండి. పైకి తీసి చూస్తే తాడు ఎంత దూరం తడిసిందో తెలుస్తుంది. ఆ రెండు కొలతలూ, తేదీ, అంతకు ముందు వాన ఎప్పుడు పడిందో రాసుకో. కార్యక్రమం అయ్యాక నా దగ్గరికి రా, నోటుబుక్కు తెచ్చాను. నీది నలభై రెండోది అవుతుంది.